నాటకాలవారి చిన్నమ్మాయి

ఫెలిసిటీ కెండల్ పేరు చెబితే ఇంగ్లండులో ఒక వయసు దాటినవారికి ముందుగా గుర్తొచ్చేది రంగస్థలం కాదు, కూరగాయల మడి! 1975 నుంచి 1978 దాకా బి.బి.సి. టెలివిజన్‌లో 'ది గుడ్ లైఫ్' అని ఒక హాస్య నాటిక వచ్చింది. లండన్ పక్కన సర్బిటన్ అని మర్యాదస్తుల పేట. అక్కడ టామ్ గుడ్ అనే పెద్దమనిషి చేసే ఉద్యోగం ఏమిటయ్యా అంటే, పొద్దుటి ఫలహారపు పొట్లాల్లో పిల్లలకోసం వేసే ప్లాస్టిక్ బొమ్మలు గీయడం. నలభయ్యో పుట్టినరోజు నాడు ఆ ఉద్యోగానికి ఒక దణ్ణం పెట్టి, ఇంటి పచ్చికంతా తవ్వేసి దుంపలూ కూరలూ వేస్తాడు. కోళ్లు, పందులు, ఒక మేక కూడా చేరతాయి. పక్కింటావిడకి తలకొట్టేసినట్టు వుంటుంది. భార్య బార్బరా మాత్రం బూట్లు తొడుక్కుని తనూ బురదలో దిగుతుంది. మొగుడి వెర్రికి వంతపాడుతుంది. ఓపిక చచ్చిననాడు ఏడుస్తుంది కూడాను. ఆ బార్బరాయే ఫెలిసిటీ.

ఇంగ్లీషు ఇల్లాలంటే ఇలా వుండాలని దేశమంతా ముచ్చటపడిన ఆ మనిషి పెరిగింది మాత్రం మన రైలుపెట్టెల్లోనూ, మన కాన్వెంటు బళ్లలోనూ.

తండ్రి జెఫ్రీ కెండల్, తల్లి లారా లిడెల్. ఇద్దరూ నటులే. 'షేక్‌స్పియరానా' అనే నాటక సమాజంతో 1940లలో ఒకసారి, 1950లలో మళ్లీ వచ్చి మన దేశం నాలుగు చెరగులా తిరిగారు. ఇవాళ ఏ సంస్థానాధీశుడి దివాణంలోనో నాటకం. రేపు ఏ బడి హాల్లోనో. కిరీటాలు, కత్తులు, తెరలు పెట్టెల్లో సర్దడం, విప్పడం, మళ్లీ సర్దడం. తర్వాత గొప్ప నటుడైన ఉత్పల్ దత్ కూడా వారితో వేషాలు కట్టినవాడే. ఫెలిసిటీ 1946 సెప్టెంబరులో ఇంగ్లండులో పుట్టింది. తొమ్మిది నెలల పసిగుడ్డుగా వుండగానే 'మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్' నాటకంలో ఎత్తుకుని రంగం మీదికి తెచ్చారు. తొమ్మిదేళ్లు వచ్చేసరికి అదే నాటకంలో పక్ వేషం. సురభి వారిని ఎరిగిన మనకి ఇదేమీ వింత కాదు. ఆ ఇళ్లలో ఉయ్యాల తెరవెనకనే వూగుతుంది.

అటువంటి ఇంట్లో ఆడపిల్లకి పెళ్లి కుదిరిందంటే తండ్రికి రెండు విధాల గండి. ఫెలిసిటీకి ఒక అక్క, జెన్నిఫర్. పుష్కరం పైగా పెద్దది. సమాజంలో నాయిక వేషాలు ఆమెవే. 1956లో కలకత్తాలో పృథ్వీ థియేటర్స్ కుర్రాడొకడు ఆమెను చూసి మనసు పారేసుకున్నాడు. అతనే శశి కపూర్. జెఫ్రీగారికి ఈ సంబంధం గిట్టలేదు. అల్లుడి మీద కోపం కన్నా నాయిక పోతున్నదన్న బెంగే ఎక్కువేమోనని నాకనిపిస్తుంది. 1958లో పెళ్లయింది. అక్క వేసే వేషాలు కాలక్రమాన చెల్లెలి భుజాన పడ్డాయి.

1965లో ఇస్మాయిల్ మర్చంట్ నిర్మాతగా, జేమ్స్ ఐవరీ దర్శకుడుగా 'షేక్‌స్పియర్ వాలా' చిత్రం వచ్చింది. సంగీతం సత్యజిత్ రాయ్. సినిమాల దెబ్బకి చితికిపోతున్న ఇంగ్లీషు నాటక సమాజం కథ. తల్లిదండ్రులు జెఫ్రీ, లారాలే. కూతురు ఫెలిసిటీ. ఆమె ప్రేమించే కుర్రాడు శశి కపూర్, స్వయానా బావగారు! ఈ చిత్రం మా అమ్మా నేనూ కలిసి చూశాం. బావామరదళ్లే గనక అమ్మ ఆక్షేపించలేదు. తమ నాటకాలకి జనం కరువైనట్టు చూపించారని జెఫ్రీగారికి మాత్రం ఈ కథ మీద మనసు కష్టం.

చివర పిల్ల ఓడెక్కి ఇంగ్లండు వెళ్లిపోతుంది. అమ్మ కళ్లజోడు తీసి తుడుచుకుంటూ అడిగింది:

"ఇది కథేనా, నిజంగానూ ఇంతేనా?"

"నిజంగానూ వెళ్లిపోయిందమ్మా. కథలో తల్లిదండ్రులు పంపించారు. బయట తనంతట తనే వెళ్లింది."

"అయితే పాపం, ఆయనకి ఇద్దరు పిల్లలూ పోయినట్టే."

"పోవడమేమిటమ్మా? ఒకతె పెళ్లి చేసుకుంది, ఒకతె పని వెతుక్కుంటూ వెళ్లింది."

"నువ్వూ పనికేగా హైదరాబాదు వెళ్లావు. నీ గది రోజూ తుడుస్తూనే వున్నాను."

నేను లేచి కాఫీ పెట్టడానికి వెళ్లాను.

లండన్ నగరమేమీ హారతిపళ్లెం పట్టుకుని ఎదురురాలేదు. ఇండియాలో షేక్‌స్పియర్ నాయికలు వేశానంటే అక్కడ ఎవరికి లెక్క? మెల్లిగా 1966లో ఒక టెలివిజన్ నాటకంలో జాన్ గీల్‌గుడ్ అంతటివాడి సరసన వేషం దొరికింది. 1967లో లండన్ రంగస్థలం ఎక్కింది. 1974లో అలన్ ఎయిక్‌బోర్న్ రాసిన 'ది నార్మన్ కాంక్వెస్ట్స్'లో ఆమె, పెనెలోపీ కీత్ కలిసి నటించారు. ఆ పెనెలోపీయే తర్వాత సర్బిటన్ పక్కింటావిడ.

టెలివిజన్లో ఒకసారి పేరొచ్చాక నటులు ఆ పేరులోనే కాపురం పెట్టేస్తారు. తప్పని నేననను, ఎవరికైనా అద్దె కట్టుకోవాలి కదా! ఆవిడ 2003లో మొదలైన మరో టెలివిజన్ వరసలో తోటపని చేస్తూ హంతకుల్ని పట్టుకున్నది. మళ్లీ మొక్కలే! కాని రంగస్థలం విడిచిపెట్టలేదు. 1979లో నేషనల్ థియేటర్ వారి 'అమేడియస్'లో మోజార్టు భార్య. 1980లో 'ఒథెల్లో'లో డెస్డిమోనా. రెండింటా పాల్ స్కోఫీల్డ్ వంటి ఉద్దండుడు ఎదురుగా వున్నాడు. తర్వాత టామ్ స్టాపర్డ్ నాటకాలు వరసగా వచ్చాయి: 1982లో 'ది రియల్ థింగ్', 1993లో 'ఆర్కేడియా'. తండ్రి దగ్గర నేర్చిన విద్యే ఇన్నాళ్లూ అన్నం పెట్టింది.

అక్క మన దగ్గరే వుండిపోయింది. 1978లో భర్తతో కలిసి జుహూలో పృథ్వీ థియేటరు తెరిచింది. 1981లో అపర్ణా సేన్ తీసిన '36 చౌరంఘీ లేన్'లో ఒంటరి ఆంగ్లో ఇండియన్ పంతులమ్మగా చేసింది. ఆ వేషం చూసినవాళ్లు మరిచిపోలేరు. 1984 సెప్టెంబరులో కాన్సరుతో లండన్‌లో కన్నుమూసింది. 1992లో తల్లి పోయింది. 1998లో తండ్రి. బదులు చెప్పలేని స్థితిలో మంచాన పడివున్న ఆయన పక్కన కూచుని, రైళ్ల మీద తిరిగిన ఆ రోజులన్నీ ఫెలిసిటీ నెమరువేసుకున్నది. అదే 'వైట్ కార్గో' అనే ఆత్మకథ. విడిచివెళ్లిన కూతురికి ఆఖరికి తీరిక దొరికింది. వినవలసినాయన వింటున్నాడో లేదో.

స్టాపర్డ్ చిన్నతనంలో కొన్నేళ్లు డార్జిలింగులో చదివినవాడు. 1991లో ఇండియా నేపథ్యంగా ఒక రేడియో నాటకం రాసి ఫెలిసిటీకి అంకితమిచ్చాడు. దాన్నే పెంచి 1995లో 'ఇండియన్ ఇంక్' అని రంగస్థలానికి తెచ్చి, ఆ పుస్తకం ఆమె తల్లి లారా స్మృతికి అంకితం చేశాడు. కథలో ఇద్దరు అక్కచెల్లెళ్లు. అక్క ఫ్లోరా కవయిత్రి. 1930లో ఇండియా వచ్చి ఇక్కడే పోతుంది. చెల్లెలు ఎలినార్ ముసలిదై, ఇంగ్లండులో తోటలో కూచుని, అక్క కథ అడగవచ్చిన వాళ్లకి టీ, కేకు పెడుతుంటుంది. 1995లో ఫెలిసిటీ వేసింది ఫ్లోరా వేషం.

2025 నవంబరు 29న స్టాపర్డ్ పోయాడు. అదే నాటకం డిసెంబరులో లండన్ హాంప్‌స్టెడ్ థియేటరులో మళ్లీ ఆడారు. డెబ్భై తొమ్మిదేళ్ల ఫెలిసిటీ ఈసారి వేసింది చెల్లెలి వేషం.