ఊరి పెత్తనము

వీథికొక పెద్దమనిషి యుండును. ఆయనకు జీతము లేదు, సెలవును లేదు. ఉద్యోగము మాత్రము ముప్పది దినములును గలదు. పొరుగువాని సంచిలోని వంకాయలను నొక్కిచూచుట, ధర యడిగి "అయ్యో, మోసపోతివి గదయ్యా!" యని నిట్టూర్చుట, పెండ్లికాని పిల్లకు ఏండ్లును, పెండ్లియైన పిల్లకు నెలలును లెక్కించుట—ఇవి యా యుద్యోగములోని నిత్యకృత్యములు. మా వీథియందును అట్టి మహాశయుడొకడు గలడు. మా యింటికి వడ్రంగి వచ్చెనా, మాకంటె ముందుగా నాయనయే కొలత చెప్పును, తలుపు బిగిసినచో "నేను చెప్పలేదా?" యనును. ఇక కట్నముల విషయమున నాయన పాండిత్యము అపారము. 1961లోనే కట్నమును శాసనము నిషేధించినను, ఏ యింటినుండి యే యింటికి ఎంత చేరినదో లెక్క తప్పక చెప్పును.

ఇంతవరకు నవ్వవచ్చును. కాని యా వీథిలోనే యొక యింటినుండి రాత్రులందు ఆడుకూతురి యేడుపు వినవచ్చుచుండెను. ఆ మాట మేమెత్తగా, పరుల వంకాయనైనను విడువని యా పెద్దమనిషి "ఆలుమగల సంగతి మనకెందుకండీ?" యనెను. "మనకెందుకు" అను మాట ఆయన నోట మేము విన్నది అదియే మొదలు!

2005 నాటి గృహహింస శాసనము మరియొక విధముగా చెప్పుచున్నది. హింస జరిగినదని నమ్ముటకు కారణమున్న యెవరైనను రక్షణాధికారికి తెలుపవచ్చును. సద్బుద్ధితో తెలిపినవారికి ఏ బాధ్యతయు నంటదు. పరుల జోలికి పోదగిన చోటును శాసనమే చూపగా, మన పెద్దమనిషికి ఆ చోటొక్కటియే కంటబడదు.

వీరేశలింగముగారు 1881 డిసెంబరు 11వ తేదిని రాజమహేంద్రవరమున తొలి వితంతువివాహమును జరిపించినది తమ బిడ్డకు గాదు, పరుల బిడ్డకు. అందులకు వెలికి గురియైరి. వంటవారు రాకపోగా రాజ్యలక్ష్మమ్మగారే వండిరి, నీళ్లు మోసిరి. పెత్తనమునకును పరోపకారమునకును గల భేదమిదియే. సంచిలోనికి తొంగిచూచువాని కేమియు పోదు. ఏడ్చునామె తలుపు తట్టినవారికి కొంత పోవును. మా యింటి స్త్రీలు పోయి ఆ తలుపు తట్టిరి. నాటినుండి ఆ యింటి యజమాని మాతో మాటాడుట మానెను. ఆమె మాత్రము కూరగాయలకు వచ్చినపుడు మా గుమ్మమువంక చూచి తలయూపి పోవుచున్నది.

చదువరులారా! పరుల జోలికి పోకుడని మేమనము. వంకాయలను విడిచిపెట్టి ఆ తలుపు తట్టుడనియే మా విన్నపము.