వికాస్ ఇంజన్ ఇంటిపేరు

చంద్రయాన్-3 ఎగిరిన రోజు (2023 జులై 14) నేను తుమ్మపాలలో ఇంట్లోనే ఉన్నాను, వర్క్ ఫ్రమ్ హోమ్ పుణ్యమా అని. మధ్యాహ్నం 2:35కి ప్రయోగం. మా మేనేజర్ సరిగ్గా రెండున్నరకి మీటింగ్ పెట్టాడు. మ్యూట్ కొట్టేసి హాల్లోకొచ్చి నాన్న పక్కన కూర్చున్నాను. (ఆయన కూడా మ్యూట్‌లో అదే చూస్తున్నాడని తర్వాత తెలిసింది :))

నాన్న అనకాపల్లి బెల్లం మార్కెట్లో ఒక కొట్లో గుమస్తాగా చాలా ఏళ్లు చేసి మానేశాడు. దేన్ని చూసినా ముందు "ఎక్కడి సరుకు?" అంటాడు. ఆరోజూ అంతే. రాకెట్ మబ్బుల్లోకి వెళ్లిపోయింది, టీవీలో అందరూ చప్పట్లు కొడుతున్నారు, నాన్న నా వైపు తిరిగి "ఏట్రా, ఆ ఇంజన్లు మనోళ్లు చేసినవేనా, కొనుక్కొచ్చినవా?" అన్నాడు.

"మనవే నాన్నా. మధ్యలో ఉన్నదానికి వికాస్ ఇంజన్లు రెండు ఉంటాయి. ఫ్రెంచి వాళ్ల దగ్గర నేర్చుకుని మనమే చేసుకున్నాం."

"మరి ఆళ్లకెవరు నేర్పేరు?"

నా దగ్గర సమాధానం లేదు. బీటెక్ చదివాను, ఇస్రో వాట్సాప్ ఫార్వర్డులన్నీ చదివాను, ఇది మాత్రం ఎప్పుడూ తట్టలేదు. అప్పట్నుంచీ తీరిక దొరికినప్పుడల్లా ఈ ప్రశ్న పట్టుకుని చదువుతూనే ఉన్నాను. ఈమధ్య ఒక ఉద్యోగం ఆఫర్ రావడంతో అది నాకు కాలక్షేపం ప్రశ్నలా లేదు. ఆ సంగతి చివర్లో చెప్తాను.

ముందు ఫ్రాన్స్ కథ. మన ఐటీ వాళ్లకి ఇది భలే నచ్చుతుంది. 1974లో ఇస్రోకీ, ఫ్రాన్స్‌లో రాకెట్ ఇంజన్లు చేసే ఎస్.ఇ.పి. సంస్థకీ ఒప్పందం కుదిరింది. వాళ్లు అప్పుడు ఏరియాన్ రాకెట్ కోసం వైకింగ్ అనే ఇంజన్ చేస్తున్నారు, మనుషులు చాలట్లేదు. మన దగ్గర మనుషులున్నారు, డబ్బుల్లేవు. కాబట్టి మన ఇంజినీర్లు అక్కడికెళ్లి 100 మ్యాన్-ఇయర్ల పని చేసిపెట్టాలి, బదులుగా వాళ్లు టెక్నాలజీ ఇవ్వాలి. ఆన్‌సైట్ అన్నమాట! మనం డాలర్లకి బిల్లింగ్ చేస్తాం, వాళ్లు ఇంజన్‌కి బిల్లింగ్ చేశారు. నంబి నారాయణన్ నాయకత్వంలో వెళ్లిన ఆ జట్టు ఏళ్ల తరబడి అక్కడ పనిచేసి, నేర్చుకుని వచ్చింది. వచ్చాక మన ఫ్యాక్టరీల్లో తయారుచేయించిన ఇంజన్‌ని 1985లో మళ్లీ అక్కడికే తీసుకెళ్లి మండించి చూశారు, నిలబడింది. ఇప్పుడు పీఎస్‌ఎల్‌వీ రెండో దశలో ఉండేది అదే, జీఎస్‌ఎల్‌వీలో అదే, చంద్రయాన్-3ని మోసిన ఎల్‌వీఎం3 మధ్య భాగంలోనూ అదే. శ్రీహరికోటలో నేల విడిచేటప్పుడు మండేవి పక్కనున్న రెండు ఘన ఇంధన మోటార్లు. దాదాపు రెండు నిమిషాలకి, బాగా పైకెళ్లాక వికాస్‌లు అంటుకుంటాయి.

మనవాళ్లు వెళ్లిన ఊరి పేరు వెర్నాన్. పారిస్‌కి పడమర, సెన్ నది ఒడ్డున చిన్న ఊరు. నాన్న ప్రశ్నకి జవాబు ఆ ఊళ్లోనే ఉంది.

రెండో ప్రపంచ యుద్ధం అయిపోగానే గెలిచినవాళ్లందరూ జర్మనీ మీద పడి రాకెట్ ఇంజినీర్లని పంచుకున్నారు. అమెరికా వాళ్లు ఫాన్ బ్రౌన్‌నీ ముఖ్యులందర్నీ పట్టుకెళ్లారు, వంద రాకెట్లకి సరిపడా విడిభాగాలతో సహా. రష్యా తన వాటా తీసుకుంది. ఫ్రాన్స్ కూడా కొంతమందిని పిలిచి, 1946లో వెర్నాన్‌లో ఒక ప్రయోగశాల పెట్టి కూర్చోబెట్టింది. అలా వచ్చినవాళ్లలో కార్ల్-హైంజ్ బ్రింగర్ ఒకడు. పీనెముండెలో, అంటే జర్మన్లు వీ-2 రాకెట్‌ని తయారుచేసిన చోట, ఇంజన్ల మీద పనిచేసినవాడు. వెర్నాన్‌లో వెరోనిక్ అనే చిన్న రాకెట్‌తో మొదలుపెట్టి, పాతికేళ్ల తర్వాత వైకింగ్ దాకా వచ్చిన వరసలో ఈయన చెయ్యి ఉంది. కోడ్‌లో ఒక లైను ఎవరు రాశారో చూద్దామని గిట్ బ్లేమ్ కొడితే, వెనక్కీ వెనక్కీ వెళ్లి ఎవరి పేరో వచ్చినట్టు వచ్చింది నాకు.

వికాస్ వీ-2కి కాపీ అని నేను అనట్లేదు, కామెంట్లలో కొట్టకండి. ఇంధనాలు వేరు. వీ-2 ఇంజన్ బలం 25 టన్నులు, వికాస్‌ది 80 టన్నుల దరిదాపులు. మనవాళ్లు దాన్ని ఎంత మార్చుకున్నారో, ఎంత కష్టపడ్డారో అది వేరే టపా. నేనంటున్నది విద్య సంగతి, అది ఎవరి చేతుల్లోంచి ఎవరి చేతుల్లోకి వచ్చిందన్నది.

ఇక వీ-2. 14 మీటర్ల ఎత్తు, నిండా నింపితే పన్నెండున్నర టన్నులు, ముక్కులో సుమారు టన్ను పేలుడు సరుకు. నిమిషం పైచిలుకు మండి ఆగిపోతుంది, ఆ తర్వాత విసిరిన రాయిలా వెళ్లి 300 కిలోమీటర్ల అవతల పడుతుంది. ఇంధనం ఏమిటో తెలుసా? ఆల్కహాల్. దాదాపు 3.8 టన్నులు, అందులో నాలుగో వంతు నీళ్లు. ద్రవ ఆక్సిజన్‌తో కలిపి మండిస్తారు. ఆ ఆల్కహాల్‌ని చాలావరకు బంగాళాదుంపల నుంచి తీసేవారు. టన్ను దుంపలకి వంద లీటర్లు అనుకుని లెక్కేస్తే ఒక్క రాకెట్‌కి 30 టన్నుల పైనే దుంపలు కావాలి. జనం రేషన్ కార్డుల మీద బతుకుతున్న రోజుల్లో! ఈ లెక్క నాన్నకి చెప్తే, "అయితే తినే దుంపల్తో సారా కాచి ఊళ్ల మీద పోసేరన్నమాట" అన్నాడు. చెరకూ బెల్లం ఊరివాడికి ఆ లెక్క వెంటనే ఎక్కింది.

1944 సెప్టెంబర్ 8న లండన్‌లో చిజిక్ అనే పేటలో మొదటిది పడింది. ముగ్గురు పోయారు. సైరన్ మోగలేదు, మోగే వీల్లేదు. అది ధ్వని కన్నా చాలా వేగంగా వస్తుంది కాబట్టి ముందు పేలుతుంది, వస్తున్న చప్పుడు తర్వాత వినపడుతుంది. మొదట్లో ప్రభుత్వం నోరు విప్పలేదు, గ్యాస్ పైపు పేలిందని ప్రచారమైంది. జనం నమ్మక "ఎగిరే గ్యాస్ పైపులు" అని వెటకారంగా పేరు పెట్టుకున్నారు.

ఇది చదివినప్పుడు నాకు మా తాతమ్మ మాటలు గుర్తొచ్చాయి, అంటే మామ్మ మాకు చెప్పిన తాతమ్మ మాటలు. 1942 ఏప్రిల్ 6న విశాఖ మీద జపాన్ విమానాలు బాంబులేశాయి కదా. పట్నం పట్నమంతా ఖాళీ అయిపోయి, బళ్లు కట్టుకుని, పిల్లల్ని చంకనేసుకుని జనం ఊళ్లమీద పడ్డారట. మా వాళ్ల వసారాలో కూడా ఎవరో ముక్కూమొహం తెలీని కుటుంబం నెల్లాళ్లు ఉందట. "ఇమానాలు కనపడ్డాయి గనక పరిగెత్తేరు" అనేదట తాతమ్మ. లండన్ వాళ్లకి ఆ కనపడటం కూడా లేకుండా పోయింది. 1944 నవంబర్ 25న న్యూక్రాస్‌లో ఒక బజారు దుకాణం మీద పడితే 168 మంది. డిసెంబర్ 16న బెల్జియంలోని ఆంట్వెర్ప్‌లో సినిమా హాలు మీద పడితే 567 మంది. సినిమా చూస్తూ.

ఇంతవరకూ ఏ యుద్ధం కథైనా ఇలాగే ఉంటుంది. నన్ను ఆపేసింది మాత్రం తర్వాతది.

1943 ఆగస్టులో బ్రిటిష్ వాళ్లు పీనెముండె మీద బాంబులేశాక, తయారీని నార్ట్‌హౌజెన్ దగ్గర ఒక కొండ లోపలి సొరంగాల్లోకి మార్చారు. పనికి మనుషులు? కాన్సంట్రేషన్ క్యాంపు ఖైదీలు. ఆ క్యాంపు పేరు డోరా. మొదటి నెలల్లో వాళ్లు పనిచేసేదీ పడుకునేదీ సొరంగంలోనే. పక్కన రాళ్లు పేలుస్తూ ఉంటారు, ఆ దుమ్ములోనే నాలుగంతస్తుల చెక్క బల్లల మీద నిద్ర. సగానికి కోసిన పీపాలే మరుగుదొడ్లు. ఎవడైనా పని చెడగొట్టాడని అనుమానమొస్తే లోపలున్న క్రేన్‌కే ఉరితీసి, మిగతావాళ్లని కింది నుంచి నడిపించేవారు. డోరా, దాని ఉప శిబిరాల్లో మొత్తం సుమారు 60 వేల మంది ఉంటే, సుమారు 20 వేల మంది బతికి బయటపడలేదు. రాకెట్ పడి చచ్చినవాళ్ల కన్నా రాకెట్ చేస్తూ చచ్చినవాళ్లే ఎక్కువ. ఇలాంటి ఆయుధం ఇంకోటి ఉందేమో నాకైతే తెలీదు.

ఫాన్ బ్రౌన్‌కి ఇదంతా తెలీదని చాలాకాలం చెప్పుకున్నారు. కానీ 1944 ఆగస్టు 15న ఆయన రాసిన ఉత్తరం ఒకటి ఉంది. పని తెలిసిన ఖైదీల కోసం తానే బుఖెన్‌వాల్డ్ క్యాంపుకి వెళ్లి చూసొచ్చానని, వాళ్లని ఇటు మార్చే ఏర్పాటు మాట్లాడానని. ఉత్తరం ధోరణి చూస్తే మామూలు ఆఫీసు మెయిలే. ప్రాజెక్టు మేనేజర్ "రిసోర్సులు కావాలి" అని రాసినట్టే ఉంది. మనం మనుషుల్ని రిసోర్సులు అంటాం కదా, ఇద్దరు జావా రిసోర్సులు ఖాళీగా ఉన్నారు అని. మన బెంచికీ ఆ సొరంగానికీ పోలిక పెట్టేంత తెలివితక్కువవాణ్ణి కాదు. కానీ ఆ రోజు నుంచీ ఆ మాట అంటుంటే నోట్లో తేడాగా ఉంటోంది.

ఆ సొరంగంలో తయారీ చూసిన ఆర్థర్ రుడాల్ఫ్ తర్వాత అమెరికాలో, చంద్రుడి మీదకి మనుషుల్ని పంపిన సాటర్న్-5 కార్యక్రమానికి అధిపతి అయ్యాడు. చివరికి విచారణ తప్పించుకోవడానికి 1984లో పౌరసత్వం వదులుకుని జర్మనీ వెళ్లిపోయాడు. అప్పటికి చంద్రుడి మీద కాలుపెట్టి పదిహేనేళ్లు. అంత ఆలస్యంగా అడిగారు మరి.

హైదరాబాద్‌లో ఉన్నవాళ్లకి ఇంకో దారి కూడా చెప్పాలి. జర్మన్లు వీ-2తో పాటు వాసర్‌ఫాల్ అని విమానాల్ని కూల్చే రాకెట్ ఒకటి చేశారు. యుద్ధానంతరం రష్యన్లు దాన్ని విప్పి చూసి నేర్చుకున్నారు. తర్వాత వాళ్లు సొంతంగా చేసిన శామ్-2 క్షిపణుల్ని మనం కొన్నాం. 1970లలో కంచన్‌బాగ్‌లోని డీఆర్‌డీఎల్ దాన్ని విప్పి నేర్చుకుంది, ప్రాజెక్ట్ డెవిల్ అని. ప్రాజెక్టుగా అది మూతపడినా ఆ ఇంజన్ విద్య మిగిలింది, 1988 ఫిబ్రవరి 25న శ్రీహరికోట నుంచి మొదటిసారి ఎగిరిన పృథ్విలోకి వచ్చింది. రోజూ ఆ గోడ పక్కనుంచి బస్సులో వెళ్లిన రెండేళ్లలో నాకు ఇవేవీ తెలీవు.

ఇప్పుడు ఆఫర్ సంగతి. నా క్లాస్‌మేట్ ఒకడు ఒక చిన్న కంపెనీలో చేరాడు. పేరెందుకులెండి. లక్ష్యం దొరికేదాకా గాల్లో తిరిగి, దొరకగానే దాని మీద పడి పేలే డ్రోన్లు చేస్తారు. నన్ను పిలిచింది ఆఖరి కొన్ని సెకన్ల సాఫ్ట్‌వేర్‌కి, అంటే కెమెరాలో కనపడేదాన్ని వదలకుండా పట్టుకునేదానికి. పని చాలా బావుంది, అబద్ధమెందుకు. ఏడేళ్లుగా బ్యాంకుల వాళ్ల ఫారాలు రాస్తున్న నాకు, అలాంటి ప్రాబ్లం బోర్డు మీద గీసి చూపిస్తే ఆకలి మర్చిపోయాను. జీతం ఇప్పటిదానికి దాదాపు రెట్టింపు. ఇంటి లోన్ మీకు చెప్పక్కర్లేదు.

ఆయుధాలు చేయడమే పాపమని నేననుకోను. మన సరిహద్దులు మనం చూస్తున్నాం. కంచన్‌బాగ్‌లో పనిచేసేవాళ్ల మీద నాకు గౌరవమే. అలాగని "నువ్వు చేయకపోతే ఇంకోడు చేస్తాడు" అని నా ఫ్రెండ్ అన్న మాట మాత్రం నాకు దిగట్లేదు. పీనెముండెలో ప్రతివాడూ అదే అనుకుని ఉంటాడు. వాళ్లందరూ రాక్షసులు కారు. ఎక్కువమంది మనలాంటి ఇరవైల్లో ముప్పైల్లో ఇంజినీర్లు, వాల్వు ఎందుకు లీకవుతోందని రాత్రి పన్నెండు దాకా కూర్చున్నవాళ్లు. నాకు భయమేసేది అందుకే. బోర్డు ముందు నిలబడ్డ ఆ అరగంటలో, ఆ కెమెరాలో కనపడేది ఏమిటన్న ఆలోచన నాకు ఒక్కసారి కూడా రాలేదు.

నాన్నకి చెప్పాను. జీతం విని సంతోషపడ్డాడు, ఏం చేస్తారో విని కాసేపు మాట్లాడలేదు. తర్వాత మామూలే, "మన మిలట్రీకేనా, బయటోళ్లకీ అమ్ముతారా?"

ఇంటర్వ్యూలో నేనది అడగలేదు. మర్నాడు హెచ్‌ఆర్ అమ్మాయికి మెయిల్ పెట్టాను, కొనేవాళ్లెవరు, విదేశాలకి అమ్మే ఆలోచన ఉందా, ఉంటే ఎవరికని. జాయినింగ్ బోనస్ గురించి అడిగినదానికి పది నిమిషాల్లో జవాబొచ్చింది. దీనికి నాలుగు రోజులైంది, "టీమ్‌తో మాట్లాడి చెప్తాను" అని మాత్రం వచ్చింది. శుక్రవారం లోపు ఏ సంగతీ చెప్పమన్నారు. ఇవాళ బుధవారం.