బాలనటుడి సంపాదన

పిల్లలూ! సినిమాలోనో టెలివిజన్‌లోనో మీ ఈడు పిల్లవాడు కనబడగానే, "వాడెంత అదృష్టవంతుడో, బడికి వెళ్ళనక్కరలేదు!" అని మీలో కొందరు అనుకుంటారు. నేను బడిపంతులుగా ఉన్నంత కాలమూ ఈ మాట వింటూనే వచ్చాను. విన్నప్పుడల్లా జాకీ కూగన్ కథ చెప్పేవాణ్ణి. మీకూ చెబుతాను, వినండి.

జాకీ 1914లో అమెరికాలోని లాస్ ఏంజిలిస్ నగరంలో పుట్టాడు. తల్లిదండ్రులు నాటకశాలల్లో ఆడిపాడి జీవించేవారు. నాలుగైదేళ్ళ జాకీ రంగస్థలం మీద ఆడుతూ ఉండగా చార్లీ చాప్లిన్ చూచి ముచ్చటపడ్డాడు. 1921లో విడుదలైన 'ది కిడ్' అనే మూకీ చిత్రంలో చాప్లిన్ పెంచుకునే అనాథ బాలుడు ఈ జాకీయే.

అందులో అధికారులు పిల్లవాణ్ణి అనాథాశ్రమానికి లాక్కుపోయే ఘట్టం ఒకటి ఉన్నది. జాకీకి ఎంతకూ ఏడుపు రాలేదు. అప్పుడు తండ్రి వాణ్ణి పక్కకు పిలిచి, ఏడవకపోతే నిజంగానే అటువంటి చోటికి పంపేస్తానన్నాడట. వాడు వెక్కి వెక్కి ఏడ్చాడు. చాప్లిన్ జాలిపడి ఓదార్చబోగా, నాన్న ఉత్తినే అన్నాడని తనకు తెలుసునని వాడు మెల్లగా చెప్పాడట. ఈ సంగతి చాప్లినే తన ఆత్మకథలో రాశాడు. చూశారా, ఆ వయసులో కన్నవారి మీద ఎంత నమ్మకమో!

ఆ చిత్రంతో జాకీ లోకప్రసిద్ధుడయ్యాడు. కాని పసితనం ఎన్నాళ్ళు ఉంటుంది? అతనికి సుమారు పన్నెండేళ్ళ వయసులో ఆ ముద్దులొలికే జుట్టు కత్తిరించారు. దానినీ ఒక చిత్రంగా తీశారు! ఆ తరువాత పిలుపులు తగ్గిపోయాయి.

1935లో మోటారు ప్రమాదంలో తండ్రి పోయాడు. ఆ ఏడే జాకీకి 21 ఏళ్ళు నిండాయి. తన సంపాదన తనకిమ్మంటే తల్లి, మారుతండ్రి ఇవ్వలేదు. ఎందుచేతనంటే, మైనరు సంపాదన తల్లిదండ్రులదేనని అప్పటి కాలిఫోర్నియా చట్టం. 1938లో అతడు కోర్టుకెక్కాడు. సంపాదించినది 30 లక్షల నుంచి 40 లక్షల డాలర్లని అంచనా. చేతికి దక్కినది సుమారు 1,26,000 డాలర్లు. మీరే లెక్క కట్టండి: రూపాయికి మూడు నాలుగు పైసలు!

దేశమంతా నివ్వెరపోయింది. 1939లో కాలిఫోర్నియాలో, బాలనటుల సంపాదనలో కొంత వారి పేర దాచేటందుకు చట్టం వచ్చింది. దానిని నేటికీ 'కూగన్ చట్టం' అంటారు. ఇప్పుడు అలా దాచవలసిన వాటా 15 శాతం.

జాకీ మాత్రం కుంగిపోలేదు. రెండో ప్రపంచయుద్ధంలో గ్లైడర్ విమానం నడిపి బర్మాలో సైనికులను దించాడు. 1964 నుంచి 1966 దాకా 'ది ఆడమ్స్ ఫ్యామిలీ' అనే టెలివిజన్ ధారావాహికలో గుండుతో అంకుల్ ఫెస్టర్ వేషం వేసి నవ్వించాడు. 1984లో కన్నుమూశాడు.

మన దేశంలోనూ 2017 నుంచి నియమాలున్నాయి. బాలనటుల చేత రోజుకు 5 గంటలకు మించి పని చేయించరాదు. విశ్రాంతి లేకుండా 3 గంటలు దాటరాదు. వరసగా 27 రోజులకు మించరాదు. చదువు సాగేటట్లు చూడాలి. సంపాదనలో కనీసం 20 శాతం జాతీయ బ్యాంకులో పిల్లల పేర ఫిక్సెడ్ డిపాజిట్ వేయాలి. అనగా రూపాయికి 20 పైసలు.

పిల్లలూ, వేషం వేసే అవకాశం వస్తే సంతోషంగా వెయ్యండి. కాని బడి మానకండి. బాల్యం దాటాక అక్కరకొచ్చేది ఆ చదువే. నా పేర బ్యాంకులో ఎంత వేశారని ఇంట్లో అడగండి. అలా అడగటం అమర్యాద కాదు.

తల్లిదండ్రులకు కూడా ఒక మాట. ఆ కాగితం పిల్లలు అడగకముందే మీరే తీసి చూపించండి.