కోర్డోబా పూల లోగిళ్ళు



ముక్కూ మొహమూ తెలియని వారి ఇంటి ముందు వరుసలో నిలబడి, మన వంతు రాగానే లోపలికి వెళ్ళి, ముంగిలి అంతా కలయతిరిగి, ఆ ఇంటి పెద్దావిడకు నమస్కారము పెట్టి బయటకు రావడము మన ఊరిలో ఎవరైనా చేస్తే ఏమనుకుంటారు? స్పెయిను దేశములోని కోర్డోబా పట్టణములో మేము రెండు రోజులు అదే పని చేశాము. అక్కడ ప్రతి సంవత్సరము మే నెల మొదటి సగములో పాత్యోల పండుగ జరుగుతుంది. పాత్యో అనగా ఇంటి నడుమ ఆకాశమునకు తెరచి ఉండే ముంగిలి. మన గోదావరి జిల్లాల పెంకుటిండ్లలో మండువా ఉన్నదే, అటువంటిది. పండుగ రోజులలో సుమారు యాభై ఇండ్లవారు వీధి తలుపులు తెరచి, రుసుము లేకుండా ఎవరినైనా లోపలికి రానిస్తారు.

మా మేనకోడలు, అల్లుడు ఉద్యోగరీత్యా మాడ్రిడ్‌లో ఉంటున్నారు. "మావయ్యగారూ, అత్తయ్యకు మొక్కలంటే ప్రాణము కదా, మే నెలలోనే రండి" అని వ్రాసి, టిక్కెట్లు కూడా వారే పంపారు. పాస్టరు జీతముతో అయ్యే పని కాదని మీకు వేరే చెప్పనక్కరలేదు. మాడ్రిడ్ నుండి సెవిల్‌కు 1992లో వేసిన వేగపు రైలు మార్గములోనే కోర్డోబా ఉన్నది. రెండు గంటలు పట్టలేదు. కిటికీలో నుండి చూస్తే కొండ వాలుల మీద ఎక్కడ చూచినా ఆలివ్ తోటలే.

ఈ ప్రయాణమునకు ముందు మా ఇంట్లో ఒక సంగతి తేలకుండా ఉన్నది. పాలకొల్లు దగ్గర పల్లెలో మా తాతగారు కట్టించిన మండువా ఇల్లు ఒకటి ఉన్నది. అమ్మ కన్నుమూసిన తరువాత నాలుగేళ్ళుగా దానికి తాళమే. పెద్దన్నయ్య రాజమండ్రిలో, చిన్నన్నయ్య హైదరాబాదులో, మేము సంఘము ఇచ్చిన క్వార్టర్సులో. స్థలమునకు మంచి ధర వచ్చినదని, పాత ఇల్లు పడగొట్టి అపార్టుమెంటు లేపుతారని పెద్దన్నయ్య కాగితములు పంపించారు. తిరిగి వచ్చాక సంతకము పెడతామని చెప్పి విమానమెక్కాము. నిజము చెప్పాలంటే మాకూ అభ్యంతరము లేదు. ఎవరూ ఉండని ఇంటికి ఏటేటా పన్ను కట్టడము ఎందుకు అనే అనుకున్నాము.

కోర్డోబాకు వెళ్ళినవారు మొదట చూచేది అక్కడి పెద్ద కేథడ్రల్. 785లో మసీదుగా మొదలైన ఆ కట్టడము 1236 నుండి కేథడ్రల్‌గా ఉన్నది. ఎర్ర చారలు, తెల్ల చారలు కలిసిన కమానులు ఎటు తిరిగినా అడవిలాగా కనబడతాయి. దాని గురించి ఎందరో వ్రాశారు గనుక మేము ఎక్కువ వ్రాయము. దాని ముందు నారింజ చెట్లతో ఒక విశాలమైన ఆవరణ ఉన్నది. అదీ ఒక పాత్యోయే. మే నెల ఆరంభములో వీధి కూడళ్ళలో పూలతో పెద్ద పెద్ద సిలువలు నిలుపుతారట. మేము చేరేసరికి ఆ వేడుక ముగిసిపోయినది.

మరునాడు ఉదయము పదకొండు గంటలకు మా నడక మొదలైనది. పాత్యోలు పదకొండు నుండి రెండు వరకు, మళ్ళీ సాయంకాలము ఆరు నుండి పది వరకు తెరుస్తారు. మధ్యాహ్నము ఇంటివారు భోజనము చేసి కునుకు తీయాలి కదా! దారి చూపడానికి, మాటలు ఇంగ్లీషులో చెప్పడానికి మా అల్లుడు ఒక గైడును మాట్లాడాడు. ఏభై ఏళ్ళు దాటిన ఆవిడ. పాత కోట ప్రక్కనున్న సాన్ బసీలియో పేటలోనే పుట్టి పెరిగినదట. కాబట్టి ఆవిడ చెప్పినవి పుస్తకములో చదివి అప్పజెప్పినట్లు లేవు.

సాన్ బసీలియో వీధులు సన్నగా ఉంటాయి. గోడలన్నీ తెల్లసున్నము. బయట నుండి చూస్తే ఆ గోడల వెనుక ఏమున్నదో ఊహించలేము. ఒక ఇంటి ముందు పదిహేను ఇరవై మంది నిలబడి ఉన్నారు. కొందరు బయటకు వస్తేనే మరి కొందరిని లోపలికి పంపుతున్నారు. చీకటిగా ఉన్న చిన్న నడవ దాటి లోపల అడుగుపెట్టగానే మా శ్రీమతి "అయ్యో దేవా" అని ఆగిపోయినది. వెనుక ఉన్నవారు మా మీద పడబోయారు.

నాలుగు ప్రక్కలా తెల్లటి గోడలు. క్రింది నుండి పై అంతస్తు వరకు గోడ నిండా నీలిరంగు కుండీలు తగిలించి ఉన్నాయి. ప్రతి కుండీ నుండి ఎరుపు, గులాబి, తెలుపు జెరేనియం పూలు క్రిందికి వ్రేలాడుతున్నాయి. ఒక మూల నిమ్మచెట్టు. మరొక మూల గోడమీదుగా పాకిన కాగితం పూల తీగ. నేల అంతా చిన్న చిన్న గులకరాళ్ళు పరచి ముగ్గులాగా తీర్చారు. నడుమ ఒక బావి, దానిపై ఇనుప కమాను, దానికి గిలక. మేము కుండీలు లెక్కపెట్టడము మొదలుపెట్టి నూట ఇరవై దగ్గర వదిలిపెట్టాము. అప్పటికి ఒక గోడ కూడా పూర్తి కాలేదు.

ఎత్తుగా ఉన్న కుండీలకు నీరు పోసేదెలా అన్నది మా శ్రీమతికి వచ్చిన మొదటి సందేహము. ఇంటివాళ్ళు నవ్వి గోడకు చేరవేసిన పొడవాటి వెదురు వంటి కర్ర తెచ్చి చూపారు. దాని చివర ఒక రేకు డబ్బా కట్టి ఉన్నది. డబ్బాలో నీరు ముంచి, కర్ర పైకెత్తి, కుండీ మీద వంచాలి. మా శ్రీమతి ప్రయత్నించినది. సగము నీరు కుండీలో, సగము మా అల్లుని చొక్కా మీద. అందరూ చప్పట్లు కొట్టారు. కాని అటువంటివి ఎన్ని వందలు! ఎండాకాలములో రోజూ ఈ పని తప్పదు. ఒక్క వారము మానివేస్తే మళ్ళీ కోలుకోవు అన్నది ఆ ఇంటావిడ.

ఎండ సంగతి చెప్పాలి. కోర్డోబా వేసవి అంటే మన రెంటచింతల వేసవిని తలచుకోండి. నలభై డిగ్రీలు దాటడము అక్కడ మామూలే. 2017 జూలైలో 46.9 డిగ్రీలు నమోదైనది. పాత్యో వారికి అలంకారము కాదు, ఆ ఎండలో బ్రతకడానికి కనిపెట్టిన ఉపాయము. సున్నపు గోడలు ఎండను వెనుకకు కొడతాయి. ఎత్తైన గోడలు నీడనిస్తాయి. పొద్దెక్కగానే పైన గుడ్డ పందిరి లాగుతారు. తడిసిన రాళ్ళ నుండి, ఆకుల నుండి నీరు ఆవిరియై గాలి చల్లబడుతుంది. రాత్రి పందిరి తీసివేస్తే వేడి పైకి పోతుంది. వీధిలో నుండి లోపలికి వచ్చినప్పుడు ఆ చల్లదనము మాకు ఒంటికి తెలిసినది. రోమీయుల కాలములోనే ఇక్కడ ఇండ్లు నడిమి ముంగిలి చుట్టూ కట్టేవారు. తరువాత వచ్చిన అరబ్బులు అందులో నీరు, చెట్లు పెంచారు. మన మండువాలో కూడా నాలుగు వైపుల పెంకుల వాన నీరు నడుమ పల్లములో పడి తూము గుండా పోతుంది కదా. మా తాతగారికి రోమా పట్టణము సంగతి తెలియదు. గాలీ నీరూ అందరికీ ఒకే పాఠము చెప్పినట్లున్నది.

రెండవ ఇంటిలో గైడు మమ్మును ఒక ప్రక్కకు పిలిచి, చుట్టూ ఉన్న తలుపులను వ్రేలితో చూపినది. ఒక్కొక్క తలుపు వెనుక ఒకప్పుడు ఒక్కొక్క కుటుంబము. పల్లెల నుండి కూలిపనికి పట్టణమునకు వచ్చిన వారు. ఒకటి రెండు గదులలో తల్లి, తండ్రి, పిల్లలు, ముసలివారు. వంటకు, బట్టలు ఉతకడానికి, నీరు తోడడానికి అందరికీ కలిపి ఈ ముంగిలి. మరుగుదొడ్డి కూడా ఉమ్మడే. "ఈ పూలు చూచి మీరు ఇక్కడివారు కలవారని అనుకుంటున్నారు కదా?" అని అడిగినది. నిజమే, మేము అలాగే అనుకున్నాము. గది లోపల చోటు లేనివారు బయట గోడను పూలతో నింపుకున్నారు. కుండీలు కొనలేక కొందరు నూనె డబ్బాలలో మొక్కలు వేసేవారు. ఒకరి కొమ్మ మరొకరి కుండీలోకి, ప్రక్కింటి కొమ్మ ఈ ఇంటిలోకి. డబ్బుతో కొన్న మొక్కలు తక్కువ. అయితే ఆవిడ ఆ రోజులను తీపిగా మాత్రమే చెప్పలేదు. ఒక తొట్టి దగ్గర వంతు కోసము ఆడవారు తగవులాడుకునేవారని, తన తల్లి కొత్త ఫ్లాటులోకి మారిన రోజున స్వంత కుళాయి చూచి ఏడ్చినదని చెప్పినది. అది 1960ల తరువాతి మాట. అప్పటి నుండి ఎందరో అలాగే వెళ్ళిపోయారు.

పోటీ చరిత్ర క్లుప్తముగా చెబుతాము. 1921లో పురపాలక సంఘము మొదటిసారి బహుమతులు పెట్టినది. అంతర్యుద్ధము తరువాత 1944లో మళ్ళీ మొదలైనది. పాత కట్టడములకు ఒక విభాగము, కొత్తగా కట్టిన లేక బాగుచేసిన వాటికి మరొకటి. 2012లో యునెస్కోవారు ఈ పండుగను మానవాళి వారసత్వపు పట్టికలో చేర్చారు. 2020లో వ్యాధి కారణముగా మే నెలలో జరుగక, అక్టోబరులో జరిపారు. పేరు పెరిగిన కొలది జనము పెరిగినది. శనివారము సాయంకాలము వరుసలు చూచి మా అల్లుడు బెంబేలెత్తిపోయాడు. ఫొటో కోసము ఒకరు పూల కుండీకి ఆనుకోబోతే ఇంటి పెద్దాయన కంగారుగా పరుగెత్తుకు రావడము మేము చూచాము. పండుగ వారికి పండుగే, కష్టము వారికి కష్టమే.

మధ్యాహ్నము భోజనములో సాల్మోరెహో అని ఒకటి పెట్టారు. టమాటాలు, రొట్టె, వెల్లుల్లి, ఆలివ్ నూనె కలిపి రుబ్బిన చల్లని చారు. కారము లేని టమాటా పచ్చడిని గిన్నెలో పోసుకుని త్రాగినట్లున్నదని మా శ్రీమతి తీర్పు. మేము రెండవసారి కూడా పోయించుకున్నాము.

సాయంకాలము సాంతా మరీనా పేటలో మర్రోకియెస్ వీధిలోని 6వ నంబరు ఇంటికి వెళ్ళాము. అది ఒక ఇల్లు కాదు, చిన్న పల్లె. లోపలే సందులు, మెట్లు, గుమ్మములు, ప్రతి గుమ్మము ప్రక్కన పూలు. ఇప్పుడు అక్కడ చేతిపనుల వారి గదులు కూడా ఉన్నాయి. ఆ దారిలోనే పుఎర్తా దెల్ రింకోన్ అనే చోట గోడ మీది కుండీలకు కర్ర డబ్బాతో నీరు పోస్తున్న స్త్రీ కంచు విగ్రహము ఉన్నది. రాజులకు, సైన్యాధిపతులకు విగ్రహములు చూచాము గాని, మొక్కలకు నీరు పోసే ఆవిడకు విగ్రహము చూడడము మాకు అదే మొదటిసారి. మా శ్రీమతి దాని ప్రక్కన ఫొటో తీయించుకున్నది. మామూలుగా తను ఫొటోలకు నిలబడదు.

చివరగా చూచిన ఇంటి సంగతే మేము మరువలేకున్నాము. చిన్న ముంగిలి. బహుమతి ఎప్పుడూ రాలేదట. ఎనభై దాటిన పెద్దావిడ కుర్చీలో కూర్చుని వచ్చినవారందరినీ పలకరిస్తున్నది. మేము ఇండియా వారమని గైడు చెప్పగా, మీ ఇండ్లు ఎలా ఉంటాయి అని అడిగినది. మా మండువా ఇంటి గురించి, బావి గురించి, అమ్మ పెంచిన నందివర్ధనము గురించి చెప్పాము. ఆవిడ శ్రద్ధగా విని ఒక్క ప్రశ్న అడిగినది. "ఇప్పుడు నీళ్ళు ఎవరు పోస్తున్నారు?"

గైడు ఇంగ్లీషులోకి మార్చి చెప్పాక మేమిద్దరము ఒకరి మొహము ఒకరము చూచుకున్నాము. మాకు తెలియదు. నాలుగేళ్ళలో ఒక్కసారి కూడా ఆ సంగతి ఎవరినీ అడగలేదు.

బయటకు వచ్చాక ఆ పెద్దావిడ కథ గైడు చెప్పినది. పిల్లలు దూరముగా ఉన్నారు. ఈ ఇంటిలో మిగిలినది ఆవిడ, మరొక కుటుంబము మాత్రమే. ఉదయము ఆ ప్రక్కింటి యువకుడు కర్ర పట్టుకుంటాడు. ఏ కుండీకి ఎంత పోయాలో ఆవిడ కుర్చీలో నుండి చెబుతుంది. ఆవిడ తరువాత ఏమవుతుందో ఎవరికీ తెలియదు. ఇటువంటి ఇండ్లు కొన్ని యాత్రికులకు అద్దెకిచ్చే గదులుగా మారిపోయాయి. మరి కొన్ని ఖాళీగా పడి ఉన్నాయి. పది కుటుంబాలు కలిసి సహకార సంఘముగా ఏర్పడి, పాడుబడిన పాత్యో ఇంటిని కొని, మళ్ళీ కాపురముండే ప్రయత్నములు కూడా జరుగుతున్నాయట. గోడలు నిలబెట్టడానికి డబ్బు దొరుకుతుంది గాని ఆగస్టు నెలలో రోజూ కర్ర ఎత్తే మనిషి దొరకడమే కష్టమని గైడు అన్నది.

ఆ మాట మాకు రెండు వైపులా తగిలినది. ఇల్లు అమ్మవద్దని చెప్పడము తేలిక. మేము వెళ్ళి అక్కడ ఉంటామా? ఉండలేము. తాళము వేసి ఉంచుకున్నంత మాత్రాన అమ్మ ఇల్లు అమ్మ ఇల్లుగా ఉంటుందా? అదీ లేదు. రాత్రి బసలో ఇద్దరమూ చాలాసేపు ఇదే మాట్లాడుకున్నాము. గోడ అవతల ఎవరి ముంగిలిలోనో గిటారు వాయిస్తున్నారు. పది గంటలు దాటినా జనము నడుస్తూనే ఉన్నారు.

తెల్లవారి పెద్దన్నయ్యకు ఫోను చేశాము. ముందు క్షేమ సమాచారములు అయినాయి. తరువాత, "అన్నయ్యా, నందివర్ధనానికి నీళ్ళెవరు పోస్తున్నారు?" అని అడిగాము. ఆయన కాసేపు మాట్లాడలేదు. "పాలు పోసే సుబ్బమ్మగారి కోడలు పోస్తోందిరా. అమ్మ చెప్పి వెళ్ళిందట. డబ్బు ఇస్తే పుచ్చుకోదు. మొన్న వెళ్ళినప్పుడు చెట్టు నిండా పూలే" అన్నారు. ఆ అమ్మాయి అత్తగారితో, ముగ్గురు పిల్లలతో ఒకే గదిలో అద్దెకుంటున్నదని కూడా అప్పుడే తెలిసినది.

సంతకము సంగతి మేము వచ్చే వరకు ఆపమని కోరాము. ముగ్గురమూ ఒకసారి ఆ ఇంటిలో కూర్చుని, ఆ అమ్మాయిని కూడా పిలిచి మాట్లాడుకుందామన్నాము. పెద్దన్నయ్య సరేననలేదు, కాదనలేదు. ఫోను పెట్టబోతూ, "వచ్చేటప్పుడు పాలకొల్లులో ఒక మంచి కొబ్బరితాడు కొనుక్కురా. బావి గిలక తాడు తెగిపోయిందట, పాపం, ఆ పిల్ల వీధి కుళాయి నుండి మోస్తోంది" అన్నారు.