ఒక్క దీర్ఘం తేడా

నా రెండో ఆల్బమ్ విడుదలైన వారానికి రెండు సమీక్షలు వచ్చాయి. మొదటిది పెద్దది. వయొలిన్ల పొరలను, మిక్సింగ్‌ను, మొత్తం సౌండ్‌ను మెచ్చుకుంటూ, సినిమాకు బయట తెలుగులో ఇంత నిండుగా మోగిన పాటలు అరుదని రాశారు. రెండోది ఎనిమిది వాక్యాలు. రాసినాయన నా మొదటి ఆల్బమ్ కూడా విన్న మనిషి. అందులో ప్రతి మాటా చెవిన పడిందని, ఇందులో గొంతు వినిపించింది గాని మాట వినిపించలేదని, తొమ్మిది పాటల్లో అయిదింటికి సాహిత్యం కాగితం చూసుకోవాల్సి వచ్చిందని రాశారు. చివర ఒక ఉదాహరణ ఇచ్చారు. నాలుగో పాట పల్లవిలో ‘మడి’ అన్న మాట ఆయనకు ప్రతిసారీ ‘మాడి’ అనే వినబడిందట. ఏం మాడిందో తెలియక రెండో చరణం దాకా వెతుక్కున్నారట.

అది మా నాన్నమ్మ వరిమడి మీద రాసిన పాట. ఆ పాట కోసమే ఆల్బమ్ చేశానని చెప్పినా తప్పులేదు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మొదటి సమీక్షను పదిసార్లు చదువుకున్నాను. రెండోదాన్ని ఒక్కసారే చదివాను, కాని అదే నోటికి వచ్చేసింది.

మాది విజయనగరం. 1919లో మొదలైన మహారాజా సంగీత కళాశాల ఉన్న ఊరు. హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసు గారు దానికి తొలి ప్రిన్సిపాల్. ద్వారం వెంకటస్వామి నాయుడు గారు అక్కడ వయొలిన్ నేర్పారు, ఘంటసాల గారు అక్కడ చదువుకున్నారు. ఊళ్లో పాట నేర్చుకునే పిల్లలందరికీ ఈ పేర్లు ఇంట్లో పెద్దల పేర్లంత దగ్గర. నాకు పాఠం చెప్పిన మేష్టారు హరికథలు విని పెరిగినవారు. మైకు లేని పందిట్లో, చివర చాప మీద కూర్చున్న ముసలమ్మకు కూడా కథ అందాలంటే కథకుడు ఏం చెయ్యాలో చెబుతూ ఉండేవారు. గొంతు పెంచితే చాలదు, అక్షరాన్ని దాని కొలతలో దాన్ని పలకనివ్వాలి అనేవారు. అప్పట్లో నాకది పాత తరం మాటలా అనిపించింది.

మొదటి ఆల్బమ్‌లో ఎనిమిది పాటలు. ఒక గిటారు, ఒక ఘటం, నా గొంతు. మూడు రోజుల్లో రికార్డింగ్ అయిపోయింది. కాని ఆ పాటలు తయారు కావడానికి పదేళ్లు పట్టింది. పెళ్లిళ్లలో, కాలేజీ మెట్ల మీద, వేసవి రాత్రి డాబా మీద, ఒక్కొక్కటీ ఎన్నిసార్లు పాడానో లెక్కలేదు. వింటున్నవాళ్ల ముఖం ఎక్కడ ఖాళీ అయిందో చూసి, ఇంటికొచ్చి ఆ చోట మాట మార్చేదాన్ని. ఒక్కోసారి స్వరం మార్చేదాన్ని. దీన్ని ఎడిటింగ్ అంటారని కూడా నాకు తెలియదు. విన్నవాళ్లే ఆ పాటలను సాపు చేశారు.

రెండో ఆల్బమ్‌కు చేతిలో కొంచెం డబ్బు ఉంది, హైదరాబాద్‌లో మంచి స్టూడియో ఉంది, నాకంటే బాగా సంగీతం తెలిసిన సహచరులు ఉన్నారు. నేను కూనిరాగంలో ‘నననా’ అంటూ ట్యూన్ పాడి ఫోన్‌లో పంపేదాన్ని. వాళ్లు క్లిక్ ట్రాక్ మీద వాద్యాలు కట్టేవాళ్లు. ఒక్కో పాటకు అరవై ట్రాకుల దాకా పెరిగేవి. అంతా సిద్ధమయ్యాక, ట్యూన్‌లో ఖాళీలు చూసుకుంటూ నేను మాటలు నింపేదాన్ని. నాలుగో పాట పల్లవి ఎత్తుగడలో ఒక పొడుగాటి స్వరం ఉంది. నాలుగు క్లిక్కుల పాటు నిలబడుతుంది. దాని కింద వయొలిన్లు మెల్లగా లేస్తాయి. వింటే ఒళ్లు పులకరిస్తుంది. ఆ స్వరం మీద కూర్చోబెట్టిన అక్షరం ‘మ’. ‘మడి’లో మ.

‘మ’ లఘువు, ఒక్క మాత్ర. దాన్ని నాలుగు క్లిక్కులు సాగదీస్తే అది ‘మా’ అవుతుంది. తెలుగులో దీర్ఘం మాటకు అందం కోసం వేసుకునే నగ కాదు, అర్థమే దాని మీద నిలబడుతుంది. పడితే ఒకటి, పాడితే ఇంకొకటి. కలం వేరు, కాలం వేరు. బడిలో గురువు, లఘువు గుర్తులు పెట్టడం నేర్చుకున్నదాన్నే. ఆ గుర్తులు పద్యాలకే అనుకున్నాను, నా పాటకు పెట్టి చూసుకోలేదు.

ట్యూన్ ముందు, మాట వెనుక అన్న పద్ధతి తప్పని నేను చెప్పబోవడం లేదు. మన సినిమా కవులు దశాబ్దాలుగా ట్యూన్‌కే రాస్తున్నారు, గొప్పగా రాశారు. ట్యూన్ వాళ్ల చేతిలో లేదు కాబట్టి ఎక్కడ పొడుగు స్వరం వస్తే అక్కడికి దీర్ఘమున్న మాటను వెతికి తెస్తారు. ఒక్క మాట కోసం రోజంతా కూర్చుంటారు. నా పరిస్థితి వేరు. ట్యూన్ నాదే, మాటా నాదే. మాట ఒప్పుకోకపోతే స్వరాన్ని కుదించే హక్కు నాకుంది, స్వరం ఒప్పుకోకపోతే మాట మార్చే హక్కూ ఉంది. రెండు హక్కులూ ఉండి రెంటినీ వాడలేదు. వయొలిన్లు లేచే ఆ చోటును ముట్టుకోవడానికి మనసొప్పలేదు. అసలు తప్పు అదీ.

కొన్నాళ్లు నాలో నేను వాదించుకున్నాను. కీర్తనల్లో సంగతులు వేసేటప్పుడు హ్రస్వాలు సాగవా? సాగుతాయి. మరి అక్కడ లేని ఇబ్బంది నాకెందుకు? జవాబు దొరకడానికి కొంత కాలం పట్టింది. త్యాగరాజ కీర్తన వినడానికి కూర్చున్న మనిషికి ఆ మాటలు చాలావరకు ముందే తెలుసు. తెలిసిన మాట ఎంత దూరం ప్రయాణించినా చెవి వెంట వెళ్తుంది. నా పాట ఎవరికీ తెలియదు. మొదటిసారి వింటున్నవాళ్లకు ఆ పాట తప్ప వేరే ఆధారం లేదు. మొదటి వినికిడిలో మాట జారిపోతే వాళ్లు మళ్లీ వెనక్కి వెళ్లి వెతకరు. వెతకాల్సిన పని వాళ్లది కాదు.

సంక్రాంతికి ఊరెళ్లినప్పుడు పెద్దమ్మకు ఆ పాట ఫోన్‌లో వినిపించాను. నా మొదటి ఆల్బమ్ మొత్తం ఆవిడకు కంఠతా. ఈ పాటలో ఉన్నది ఆవిడ అత్తగారి మడి. తలూపుతూ శ్రద్ధగా విన్నది. అయిపోయాక నా చెయ్యి పట్టుకుని, “గొంతు బాగుంది తల్లీ. ఏటంటన్నావో తెలవనేదు” అంది. ఎనిమిది వాక్యాల సమీక్షను ఆవిడ రెండు వాక్యాల్లో చెప్పింది. ఆ తర్వాత నాలో వాదన ఆగిపోయింది.

ఆ శీతాకాలమంతా ఇతరుల రెండో ఆల్బమ్‌లు వింటూ గడిపాను. వాటిలో రెండింటి దగ్గర చాలా రోజులు ఆగిపోయాను. రెండూ 1971లో, నెల రోజుల లోపు తేడాతో వచ్చినవి. ఒకటి అమెరికాలో కారోల్ కింగ్ చేసిన ‘టాపెస్ట్రీ’. అరవైల్లో ఆమె ఇతర గాయకుల కోసం పాటలు కట్టిన మనిషి. సొంత గొంతుతో 1970లో వచ్చిన మొదటి ఆల్బమ్ ‘రైటర్’ పెద్దగా అమ్ముడుపోలేదు. రెండోదానికి నిర్మాత లూ ఆడ్లర్, ఆమె పియానో ముందు కూర్చుని పాడుకునే డెమోల్లోని దగ్గరితనం పోకూడదని వాద్యాలను తక్కువలో ఉంచాడు. 1971 ఫిబ్రవరిలో విడుదలైన ఆ ఆల్బమ్ బిల్‌బోర్డ్ పట్టికలో వరుసగా 15 వారాలు మొదటి స్థానంలో నిలిచింది. మరుసటి ఏడు 4 గ్రామీలు వచ్చాయి.

రెండోది ఇంగ్లండ్‌లో నిక్ డ్రేక్ చేసిన ‘బ్రైటర్ లేటర్’. అదే ఏడు మార్చిలో వచ్చింది. 1969 నాటి మొదటి ఆల్బమ్‌ కంటే నిండుగా ఉండాలని నిర్మాత జో బాయిడ్ డ్రమ్స్, బేస్ చేర్చాడు. రాబర్ట్ కర్బీ తీగ వాద్యాలకు, బాకాలకు అమరిక రాశాడు. అప్పట్లో అయిదు వేల కాపీలు కూడా అమ్ముడుపోలేదు. ఆ అక్టోబరులోనే డ్రేక్ రెండు రాత్రులు స్టూడియోకు వెళ్లి, ఇంజనీరు జాన్ వుడ్‌ను మాత్రం పక్కన పెట్టుకుని, గొంతు, గిటారు, ఒక్క పాటలో కొద్దిగా పియానోతో మూడో ఆల్బమ్ ‘పింక్ మూన్’ ముగించాడు. నిడివి అరగంట లోపే. 1974లో, 26 ఏళ్లకు చనిపోయాడు. ఆయన పాటలను లోకం గుర్తించింది ఆ తర్వాత చాలా ఏళ్లకు.

మొదట్లో దీన్నించి నేను తేలిక పాఠం తీసుకున్నాను. వాద్యాలు తగ్గిస్తే మంచిది, పెంచితే చెడ్డది అని. మళ్లీ మళ్లీ విన్నకొద్దీ ఆ పాఠం నిలబడలేదు. ‘బ్రైటర్ లేటర్’ అందమైన ఆల్బమ్. అన్ని వాద్యాల మధ్యా డ్రేక్ గొంతు అలికిడి చెయ్యకుండా మాటను అందిస్తూనే ఉంటుంది. నాకు తెలియని యాసలో ఉన్న మాట కూడా చాలా చోట్ల అందింది. నా ఆల్బమ్‌లో నా అమ్మ భాషే నాకు అందలేదు. కాబట్టి దోషం అరవై ట్రాకులది కాదు. మాట ఎక్కడ కూర్చోవాలో తేలకముందే నేను వాటిని పిలిచాను.

పాట రాసి, కట్టి, పాడే మనిషికి మన భాషలో ఎప్పటినుంచో ఒక పేరుంది: వాగ్గేయకారుడు. బాలాంత్రపు రజనీకాంతరావు గారు 1958లో ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’ రాశారు, దానికి 1961లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. ఆకాశవాణిలో పనిచేస్తూ తానే రాసి, తానే స్వరపరచి, తానే పాడినవారు ఆయన. ఆ పుస్తకాన్ని కాలేజీ రోజుల్లో పరీక్ష కోసం తిరగేశాను. ఇప్పుడు ఆ మాటను విడదీసి చూస్తే వాక్కు ముందు, గేయం వెనుక. గొప్పతనంలో తరతమాలు చెప్పడానికి కాదు గాని, పని వరస నాకు అక్కడ దొరికింది.

తెలుగులో సినిమాకు బయటి పాటకు సమీక్ష రావడమే అపురూపం. వస్తే శుభాకాంక్షల్లా వస్తుంది. మంచి ప్రయత్నం, అభినందనలు, అంతే. వాళ్ల సద్భావాన్ని నేను తక్కువ చెయ్యను. కాని ఒక మనిషి తొమ్మిది పాటలు కూర్చుని విని, ఏ అక్షరం దగ్గర తనకు దారి తప్పిందో చెప్పాడంటే, అతను నా పాటకు ఇచ్చిన సమయం ఎంతో ఆలోచించండి. ఏడాది తర్వాత ఆయనకు ఉత్తరం రాశాను. ఆ స్వరం మీద ‘మ’ను ఎందుకు ఉంచానో సంజాయిషీ చెప్పలేదు. విన్నందుకు కృతజ్ఞత చెప్పాను.

ఇప్పుడు నా పని ఇలా సాగుతోంది. పాట పూర్తయ్యాక ముందు కాగితం మీద మాటలకు గురులఘువులు పెడతాను. దాని కింద స్వరాల నిడివి రాస్తాను. ఎక్కడ రెండూ కొట్టుకుంటే అక్కడ గుండ్రంగా గీత గీస్తాను. తర్వాత ఏ వాద్యమూ లేకుండా, ఆ పాట ఎన్నడూ వినని మనిషికి ఒక్కసారి పాడతాను. ఏం విన్నారో వాళ్ల మాటల్లో చెప్పమంటాను. బాగుందా అని అడగను. వాళ్లు తిరిగి చెప్పలేని చోటు నాకు మిగిలిన పని. ఇదంతా దాటాకే స్టూడియోకు ఫోన్ చేస్తాను.

రెండో ఆల్బమ్‌ను వెనక్కి తీసుకోలేదు. అది అప్పటి నేను. కాని నాలుగో పాటను కచేరీల్లో మార్చి పాడుతున్నాను. ‘మడి’ రెండు పొట్టి స్వరాల్లో అయిపోతుంది, ఆ పొడుగాటి స్వరం తర్వాతి మాట ‘గాలి’లోని ‘గా’ మీదకు వెళ్లింది. అక్కడ ఎంతసేపు నిలిచినా గాలి గాలిగానే ఉంటుంది. వయొలిన్లు ఇప్పుడు ఆ గాలితో కలిసి లేస్తాయి.

మొన్న మా బంధువుల పెళ్లిలో ఆ పాట అలాగే పాడాను. పెద్దమ్మ ముందు వరుసలో కూర్చుంది. పల్లవి రెండోసారి ఎత్తుకుంటుంటే ఆవిడ ముఖం మారింది. పాట అయ్యాక పక్కకు పిలిచి, కాస్త కోపంగానే, “మన మడి అంటన్నావేటి తల్లీ? అది మనది కాదు. కవులుకి సేసినాం” అంది. ఎవరి మడి, ఏడాదికి ఎన్ని బస్తాలు కొలిచి ఇచ్చేవారు, ఏ ఏడు వాన రాక ఇవ్వలేకపోయారు, అంతా భోజనాల దాకా చెబుతూనే ఉంది. నాన్నమ్మ నాకెన్నడూ చెప్పని సంగతులు.

పాటలో ‘మన మడి’ తీసేశాను. ఆ చోట ఇప్పుడు కౌలు మడి ఉంది. మూడో ఆల్బమ్‌లో ఆ పాటను మళ్లీ పాడుతున్నాను, పెద్దమ్మ చెప్పిన లెక్కతో ఒక కొత్త చరణం కలిపి.