ఒంటికన్ను డిటెక్టివ్

పొద్దున టిఫిన్ తింటూ పాత ‘కొలంబో’ ఎపిసోడ్ పెట్టా. ఇడ్లీ చల్లారిపోయింది.

డిటెక్టివ్ కొలంబోది నలిగిన రెయిన్‌కోటు, సగం కాలిన చుట్ట.
గుమ్మం దాకా వెళ్లి, ఇంకొక్క మాటండీ అంటూ వెనక్కి తిరుగుతాడే... అప్పుడు చూడాలి హంతకుడి మొహం!

ఆ పాత్ర వేసిన పీటర్ ఫాక్‌కి మూడేళ్లప్పుడే క్యాన్సర్‌తో కుడికన్ను తీసేశారు.
గాజుకన్నుతోనే ఆ చూపంతా.
స్కూల్లో బేస్‌బాల్ ఆడుతూ, ఔటిచ్చిన అంపైర్ చేతికి ఆ కన్నే తీసిచ్చాడట. (ఇదీ పొగరంటే!)

నటనకి ముందు కనెక్టికట్‌లో బడ్జెట్ ఆఫీసు ఉద్యోగం.
ఆ కోటు కూడా ఆయన సొంతదే.

1968 నుంచి 2003 దాకా అదే పాత్ర, నాలుగు ఎమ్మీలు. ఒకే వేషంలో ఇరుక్కున్నాడంటే నేనొప్పుకోను. ఆ వేషాన్నే ఈయన వదల్లేదు.

మీ టీవీ డిటెక్టివ్ ఎవరు?
దూరదర్శన్ బ్యోమకేశ్ బ్యాచ్ ఉంటే చెయ్యెత్తండి!