మార్కుల వ్యాజ్యం

పొలం గట్టు మీద వ్యాజ్యం తాతలనాటినుంచి మనుమలదాకా నడవడం మన దేశంలో అందరూ ఎరిగిందే. పరీక్ష మార్కుల మీద కూడా వ్యాజ్యాలు నడుస్తాయనీ, అవి సుప్రీంకోర్టు గడప తొక్కాయనీ మాత్రం చాలామందికి తెలియదు. కళాశాలలో తెలుగు చెప్పుకుంటూ, ఏటా వేసవిలో జవాబు పత్రాలు దిద్దే వృత్తి నాది. కనుక ఈ తగాదా అంటే నాకు కాస్త ఎక్కువ ఆసక్తి.

మా రామకుప్పం ప్రాంతంలో ఒక పక్క తమిళం, ఇంకో పక్క కన్నడం వినిపిస్తాయి. పిల్లల చదువు దగ్గరికి వచ్చేసరికి మాత్రం అందరిదీ ఒకటే భాష: "ఎన్ని మార్కులొచ్చినాయి?" ట్రిపుల్ ఐటీలో సీటు పదవ తరగతి మార్కులను బట్టే గదా! ఒక్క మార్కు పోయినా ఇల్లంతా దిగులే.

ఒక వేసవిలో పదవ తరగతి ఫలితాలు వచ్చిన మూడోనాడు, టమేటా తోట సాగుచేసే ఒక పెద్దమనిషి నా దగ్గరికి వచ్చాడు.

"మా పాప లెక్కల్లో తప్పింది సార్. అంతా రాసినానంటాది. ఆ పేపరు మనం చూసేదానికి ఇడస్తారా? లేకుంటే లాయరు దగ్గిరికి పోవల్లా?" అన్నాడు.

ఆయన ఈ ప్రశ్నే 1984లో అడిగి ఉంటే "లేదు నాయనా" అనవలసి వచ్చేది. ఆ సంవత్సరం జూలైలో, మహారాష్ట్ర పరీక్షల బోర్డు వ్యాజ్యంలో, సుప్రీంకోర్టు అట్లాగే తీర్పు చెప్పింది. జవాబు పత్రం చూపమనే హక్కు గానీ, మళ్ళీ దిద్దమనే హక్కు గానీ విద్యార్థికి లేదన్నది. లక్షల పత్రాలు తిరగదోడుతూ కూచుంటే ఫలితాలకు అంతెక్కడ? అదీ వాదన. వాదన సబబే. కాని అవతల కూర్చున్న పిల్లవాడి మాటో?

ఆ మాట వినడానికి మరో ఇరవై ఏడేళ్ళు పట్టింది. 2005లో సమాచార హక్కు చట్టం వచ్చింది. దాని ఆధారంతో ఒక విద్యార్థి వేసిన వ్యాజ్యం కలకత్తా హైకోర్టు మీదుగా ఢిల్లీ చేరింది. 2011 ఆగస్టులో సుప్రీంకోర్టు, దిద్దిన జవాబు పత్రం కూడా "సమాచారమే", వ్రాసినవాడు దాన్ని చూడవచ్చు, నకలు తీసుకోవచ్చు అన్నది. దిద్దినవారి పేరు మాత్రం బయట పెట్టనక్కరలేదన్నది. నా బోటివాళ్ళు ఊపిరి పీల్చుకున్నారు!

అయితే చూడడం వేరు, మళ్ళీ దిద్దించుకోవడం వేరు. 2017లో ఇదే న్యాయస్థానం ఆ గీత స్పష్టంగా గీసింది. నిబంధనలలో పునర్మూల్యాంకనం లేకపోతే, పొరపాటు ఏ తర్కమూ అక్కరలేకుండా కంటికి కనిపించే అరుదైన సందర్భంలోనే కోర్టు కలుగజేసుకోవాలన్నది. జాలికి ఇందులో తావు లేదన్నది.

మన రాష్ట్రంలో పదవ తరగతికి రెండు దారులున్నాయి. అయిదువందలు కడితే మార్కులు మళ్ళీ కూడతారు. వెయ్యి కడితే వదిలేసిన జవాబులున్నాయేమో వెతికి, పత్రం నకలు కూడా ఇస్తారు. ఒకసారి మార్కు వేసిన జవాబుకు మాత్రం మళ్ళీ మార్కు వేయరు. కూడిక తప్పుకు మందు ఉంది. తీర్పు తప్పుకు లేదు.

ఆ పెద్దమనిషి వెయ్యీ కట్టాడు. నకలు వచ్చింది. మార్కు ఒక్కటీ పెరగలేదు. డబ్బు దండగైందని బాధపడతాడేమో అనుకున్నాను.

"లేదు సార్. పాప తానే చూసుకునింది. యాడ తప్పు చేసిందో తెలిసింది. రాసినా ఎయ్యలేదని ఏడుస్తా ఉండె, ఆ ఏడుపు నిలిచిపాయె" అన్నాడు.

తరువాతి పరీక్షకు ఆ నకలే ఆ పిల్లకు పాఠ్యపుస్తకమైంది.

అందరికీ ఇట్లా జరగదు. 2019 ఏప్రిల్‌లో తెలంగాణా ఇంటర్ ఫలితాలు వచ్చినప్పుడు మంచిర్యాల జిల్లాలో ఒక అమ్మాయికి తెలుగులో సున్న పడింది. మళ్ళీ చూస్తే తొంభై తొమ్మిది! అంకెల కింద వృత్తాలు నింపేటప్పుడు జరిగిన తప్పు అది. ఆ ఫలితాల తరువాత ఇరవైమందికి పైగా పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. వ్యవహారం హైకోర్టుకెక్కింది. తప్పిన మూడు లక్షల పైచిలుకు పిల్లల పత్రాలు ఉచితంగా తిరిగి చూశారు. వెయ్యిమందికి పైగా ఉత్తీర్ణులయ్యారు. లక్షల్లో వెయ్యి ఎంత అనవచ్చు. ఆ వెయ్యి ఇళ్ళలో అడిగితే తెలుస్తుంది.

ఇంటర్ పత్రాలు రోజుకు ముప్ఫై దిద్దాలి మేము. మధ్యాహ్నం ఎండ, తిరగని పంకా, ఒకేలాంటి ముప్ఫై సారాంశాలు. మొదటి పత్రానికీ ముప్ఫయ్యో పత్రానికీ నడుమ దిద్దేవాడు అలసిపోతాడు. కాని ఆ ముప్ఫయ్యో పిల్లవాడు చేసిన నేరమేమిటి? వాడి జవాబు చదివి నేనిచ్చే మార్కు మీద అప్పీలు లేదని సుప్రీంకోర్టే చెప్పింది. అంతటి అధికారం కలెక్టరుకు కూడా లేదు! అందుకని మేమంతా కాస్త భయపడవలసిందే.

ఒక పని మాత్రం సులువుగా చేయవచ్చు. తప్పిన ప్రతి పత్రాన్నీ ఫలితాలు ప్రకటించక ముందే మరొకరు చూడాలి. సున్న పడిన పత్రం తప్పకుండా చూడాలి. 2019లో ఆ పని ప్రాణాలు పోయిన తరువాత జరిగింది. ముందే చేయడానికి ఏ కోర్టు ఉత్తర్వూ అక్కరలేదు. దానికి కావలసిందల్లా నాలుగు రోజుల జీతం, నాలుగు బస్తాల ఓపిక.